పిల్లల కంటి ఎత్తున నిలిచిన కెమెరా: జాన్‌ఫీసె కేకో సినిమాలు

(ఒక ఫిల్మ్ క్లబ్ నెలవారీ ప్రదర్శనకు ముందు చేసిన ప్రసంగం. రాలేకపోయిన సభ్యుల కోసం రికార్డింగ్ విని రాసినది. తడబాట్లు మాత్రమే తీసివేశాం.)

అందరికీ నమస్కారం. అల్బేనియా సినిమా అనగానే ఇక్కడ ఉన్నవారిలో ఎంతమందికి ఒక్క పేరైనా గుర్తుకు వస్తుంది? ఒకసారి చేతులు ఎత్తండి. రెండు చేతులు. అందులో ఒకటి మన కార్యదర్శి గారిది. ఈవేళ్టి సినిమా తెప్పించినదే ఆయన కాబట్టి ఆయన లెక్కలోకి రారు. మరేం ఫర్వాలేదు. యూరప్‌లో చాలామందికి కూడా మొన్నమొన్నటి దాకా ఇదే పరిస్థితి.

చిన్న దేశం. మన ఉమ్మడి అనంతపురం జిల్లాకు ఒకటిన్నర రెట్లు ఉంటుంది, అంతే. ఒకవైపు గ్రీసు, ఒకవైపు అప్పటి యుగోస్లావియా, సముద్రం దాటితే ఇటలీ. 1950లో జనాభా పన్నెండు లక్షల పైచిలుకు. అంత చిన్న దేశంలో, అంత మూసుకుపోయిన దేశంలో, ఒక స్త్రీ ఇరవై ఏళ్ళు ఎడిటింగ్ బల్ల దగ్గర కూర్చుని, నలభై ఐదో ఏట కథాచిత్రాల దర్శకురాలై, వరుసగా పిల్లల సినిమాలు తీసింది. పేరు జాన్‌ఫీసె కేకో. ఆవిడ గురించే ఈ సాయంత్రం.

1928లో జిరొకాస్తర్ అనే ఊళ్ళో పుట్టారు. కొండవాలు మీద ఉన్న ఊరు. ఇళ్ళ గోడలే కాదు, పైకప్పులు కూడా రాతి పలకలే. ఇప్పుడు యునెస్కో జాబితాలో ఉంది. ఆ ఊరికి ఇంకో ప్రత్యేకత ఉంది. నలభై ఏళ్ళు అల్బేనియాను గుప్పిట్లో పెట్టుకున్న ఎన్వర్ హోజా పుట్టింది అక్కడే, 1908లో. ఆ పాలన కింద బతికి, ప్రపంచమంతా చదివిన నవలలు రాసిన ఇస్మాయిల్ కదారె పుట్టిందీ అక్కడే, 1936లో. ఇద్దరికీ మధ్య మన జాన్‌ఫీసె. ఒక్క ఊరి నీళ్ళే, ఎంత తేడా చూడండి.

ఈ తేదీలు కాస్త గుర్తుపెట్టుకోండి, తర్వాత అవసరం పడతాయి. 1939 ఏప్రిల్ 7న ముస్సోలినీ సైన్యం అల్బేనియాలో దిగింది. ఆవిడకు పదకొండేళ్ళు. 1940 డిసెంబరులో గ్రీకు సైన్యం వచ్చి జిరొకాస్తర్‌ను పట్టుకుంది. నాలుగు నెలలకు మళ్ళీ ఇటలీవాళ్ళు. 1943 సెప్టెంబరులో ఇటలీ లొంగిపోతే, ఆ ఖాళీలోకి జర్మన్లు. అంటే పదకొండో ఏటి నుంచి పదహారో ఏటి దాకా ఆ పిల్ల తన వీధిలో ఎన్ని రకాల బూట్లు చూసి ఉంటుంది? ఎన్ని జెండాలు మారి ఉంటాయి? తర్వాత తన సినిమాల్లో పిల్లలు కిటికీ చాటున నిలబడి సైనికులను చూస్తూ ఉంటారు. ఆ చూపు ఆవిడ ఎక్కడ నేర్చుకున్నారో వేరే చెప్పాలా?

యుద్ధం ముగిసింది, కమ్యూనిస్టులు గెలిచారు. దేశంలో సినిమా పరిశ్రమ అనదగినది ఏమీ లేదు. చదవడం, రాయడం వచ్చినవాళ్ళే తక్కువ. చదువు రాని జనానికి కొత్త ప్రభుత్వం తన మాట చెప్పాలంటే ఏం కావాలి? సినిమా కావాలి. లెనిన్ కాలం నుంచీ ఉన్న లెక్కే ఇది. అప్పటికి సోవియట్ యూనియన్‌తో స్నేహం గట్టిగా ఉంది. కుర్రవాళ్ళను, అమ్మాయిలను సినిమా పని నేర్చుకోవడానికి మాస్కోకు పంపారు. అలా వెళ్ళినవారిలో జాన్‌ఫీసె, ఆవిడ భర్త ఎంద్రి కేకో ఉన్నారు. ఆయన డాక్యుమెంటరీ దర్శకుడయ్యారు. ఆవిడ నేర్చుకున్నది ఎడిటింగ్.

1952లో రాజధాని టిరానాలో స్టూడియో తెరిచారు. పేరు కినోస్టూడియో ‘కొత్త అల్బేనియా’. దేశం మొత్తానికి అదొక్కటే స్టూడియో. అక్కడ తిరస్కరిస్తే ఇంకో నిర్మాత తలుపు తట్టే వీలు లేదు. ఆ మరుసటి ఏడాది రష్యన్ దర్శకుడు యుత్కేవిచ్ అల్బేనియా వీరుడు స్కందర్‌బెగ్ మీద తీసిన ఉమ్మడి చిత్రం వచ్చింది. అల్బేనియన్లు తమంతట తామే తీసుకున్న మొదటి కథాచిత్రం ‘తానా’, 1958లో. దాని దర్శకుడు క్రిస్తాచ్ ధామో.

ఇక్కడ కాసేపు ఆగుతాను. ఎడిటింగ్ బల్ల దగ్గర ఆగుతాను. మీలో కంప్యూటర్ మీద ఎడిటింగ్ చేసే కుర్రవాళ్ళు ఉన్నారు. అప్పటి పని ఎలా ఉండేదో మీరు ఊహించుకోవాలి. చేతిలో నిజమైన ఫిల్ము. సెకనుకు ఇరవై నాలుగు బొమ్మలు. ఎక్కడ కోయాలో చూసుకుని, మైనపు పెన్సిలుతో గుర్తు పెట్టి, కోసి, అంచున పూత గీకి, సిమెంటు అనే ఫిల్ము జిగురు రాసి, రెండో ముక్క మీద పెట్టి నొక్కాలి. తప్పు కోస్తే ఒక బొమ్మ పోయినట్టే. వెనక్కి తెచ్చే మీట లేదు. అందుకే ఎడిటర్ కత్తెర వేసే ముందు పదిసార్లు చూస్తుంది. పదిసార్లు చూసిన మనిషికి మామూలు ప్రేక్షకుడికి కనిపించనివి కనిపిస్తాయి. ఎక్కడ మనిషి నటించడం ఆపి మామూలుగా చూశాడు, ఎక్కడ కళ్ళు పక్కకు తిరిగాయి, ఎక్కడ నవ్వు ముఖం మీదే చచ్చిపోయింది, అన్నీ.

ఈ పనిలో ఆడవాళ్ళు ఎందుకు ఎక్కువ? మాస్కోలోనైనా, హాలీవుడ్‌లోనైనా మొదటి రోజుల్లో కోత, అతుకు ఆడవాళ్ళ పనే. సూది దారం లాంటి పని కదా, ఆడవాళ్ళు చేస్తారులే అనుకున్నారు. కానీ సినిమా తయారయ్యేది అక్కడే. సోవియట్ దేశంలో ఎస్ఫిర్ షూబ్ అనే ఆవిడ 1927లో పాత వార్తాచిత్రాల ముక్కలు ఏరుకుని, రష్యా చక్రవర్తులైన జార్ల పతనం మీద పూర్తి సినిమా కూర్చింది. కొత్తగా తీసింది దాదాపు ఏమీ లేదు. అంతా కత్తెర మహిమ. జాన్‌ఫీసె చదివిన బడి అలాంటిది.

తర్వాత ఏళ్ళ తరబడి కినోస్టూడియో వార్తాచిత్రాలు, డాక్యుమెంటరీలు ఆవిడ చేతుల మీదుగా వెళ్ళాయి. ఇప్పుడు నా ఊహ ఒకటి చెబుతాను, ఊహ అని ముందే చెబుతున్నాను. ప్రభుత్వ వార్తాచిత్రాల్లో పిల్లలు ఎలా కనిపిస్తారు? ఏ దేశమైనా సరే. పూలగుత్తి పట్టుకుని, మెడలో రుమాలు కట్టుకుని, నాయకుడి పక్కన నవ్వుతూ. అలాంటి బొమ్మలు వేల అడుగులు కోసిన మనిషికి, ఆ నవ్వుకు ముందూ వెనకా పారేసిన ముక్కలు కూడా తెలుసు. పూలగుత్తి ఇచ్చాక ఆ పిల్ల ఆవులిస్తుంది కదా, ముక్కు తుడుచుకుంటుంది కదా. ఆ ముక్క కత్తెర కింద పోతుంది. జాన్‌ఫీసె తర్వాత తీసిన సినిమాలన్నీ ఆ పారేసిన ముక్కలతో తీసినట్టే ఉంటాయి నాకు.

సరే, 1973కు వద్దాం. అప్పటికి అల్బేనియా సోవియట్‌తో తెగతెంపులు చేసుకుని పన్నెండేళ్ళు. చైనా ఒక్కటే తోడు. 1967లో మతాన్నే నిషేధించారు. గుళ్ళు, మసీదులు, చర్చిలు మూసేశారు. 1972 డిసెంబరులో టిరానాలో పాటల పండుగ జరిగింది, పదకొండవది. టీవీలో వచ్చింది. పాటలు కాస్త హుషారుగా, దుస్తులు కాస్త రంగుగా ఉన్నాయి. అంతే. అంతకు మించి నేరమేమీ లేదు. హోజాకు కోపం వచ్చింది. 1973 జూన్‌లో పార్టీ కేంద్ర కమిటీ నాలుగో ప్లీనం, అంటే సభ్యులందరి సమావేశం, పెట్టి, కళల్లో పాశ్చాత్య వాసన వస్తోందని కత్తి దూశారు. రేడియో, టెలివిజన్ అధిపతి తోది లుబోన్యా, నాటక రచయిత, పార్టీ పెద్ద ఫాదిల్ పాచ్రామీ ఇద్దరూ ఏళ్ళ తరబడి జైలుపాలయ్యారు. పాట కాస్త హుషారుగా పాడించినందుకు!

అదే ఏడాది జాన్‌ఫీసె కేకో తొలి కథాచిత్రం వచ్చింది. పేరు ‘గారాల మిమోజా’. ముద్దు చేసి చెడగొట్టిన ఒక అమ్మాయి కథ.

ఇక్కడ ఒక ప్రశ్న అందరూ అడుగుతారు. పెద్దల కథలు తీస్తే ప్రమాదమని పిల్లల సినిమాల్లో తలదాచుకున్నారా? విదేశాల్లో రాసేవాళ్ళు చాలామంది అలాగే రాస్తారు. నేను ఒప్పుకోను. ఆ పాలనలో పిల్లల సినిమా అంటే ఇంకా ఎక్కువ నిఘా. పిల్లలే కదా రేపటి ‘కొత్త మనిషి’! బడిలో మూడు పాఠాలు: చదువు, ఉత్పత్తి శ్రమ, సైనిక శిక్షణ. పిల్లల సంఘానికి ‘ఎన్వర్ పయనీర్లు’ అని పేరు. అలాంటి చోట పిల్లల సినిమా తలదాచుకునే చోటు ఎలా అవుతుంది? పోలీస్ స్టేషన్ వరండాలో దాక్కోవడమే అది. ఆవిడ చేసింది దాక్కోవడం కాదు. పామూ చావకుండా, కర్రా విరగకుండా ఇరవై మెట్లు దిగి పిల్లల ఎత్తుకు వచ్చి కూర్చున్నారు. కథ పైవాళ్ళకు నచ్చినట్టే ఉంటుంది. బొమ్మ మాత్రం పిల్లలది.

ఉదాహరణకు ‘బెని ఒక్కడే నడుస్తాడు’, 1975. కథ రాసినవారు కిచో బ్లూషి. పట్నంలో ఒక చిన్న కుర్రాడు బెని. తల్లి వాణ్ణి కాలు కింద పెట్టనివ్వదు. పడిపోతావు, జలుబు చేస్తుంది, మట్టి ముట్టుకోకు. వాడికి అన్నీ భయమే. అప్పుడు పల్లె నుంచి బంధువు ఒకాయన, తోమా మామ, వస్తాడు. ఆ పాత్ర వేసింది పాంది రాయిది, అల్బేనియాలో జనం నెత్తిన పెట్టుకున్న నటుడు. కుర్రాణ్ణి తనతో పల్లెకు తీసుకుపోతాడు. అక్కడ వాడు తన కాళ్ళ మీద నడవడం నేర్చుకుంటాడు.

పార్టీ కార్యాలయంలో కూర్చుని చదివితే ఈ కథ ఎలా ఉంటుంది? బ్రహ్మాండంగా ఉంటుంది. పట్నం మెత్తదనం చెడ్డది, పల్లె శ్రమ మంచిది. పట్నం చదువరులను పొలాలకు పంపుతున్న రోజులవి. కథ గీత దాటలేదు. కానీ తెర మీద మనకు గుర్తుండేది ఏమిటి? సిద్ధాంతమా? కాదు. ఒక పిల్లవాడి భయం. గుమ్మం దాటి మొదటి అడుగు వేసే ముందు వాడు నిలబడిన తీరు. ఆ భయాన్ని ఆవిడ వెక్కిరించలేదు. దాని మీద తొందరపడి కత్తెర వేయలేదు. భయపడే పిల్లవాడికి భయపడడానికి కావలసినంత సమయం ఇచ్చారు. భయం అనేది నాయకుల నుంచి కూలీల దాకా అందరి ఇళ్ళలో ఉన్న దేశంలో, గోడలకు చెవులున్న దేశంలో, భయాన్ని అంత ఓపికగా చూపించిన సినిమా అది. ఆ సంగతి ఎవరికీ తట్టలేదు, ఎందుకంటే భయపడేది చిన్నపిల్లవాడు కదా!

మన సినిమాల్లో పిల్లలు ఎలా మాట్లాడతారో మీకు నేను చెప్పాలా? ఐదేళ్ళ పిల్ల అరవై ఏళ్ళ తాతకు నీతులు చెబుతుంది. పిల్లవాడి నోట రచయిత మాట్లాడతాడు. జనం చప్పట్లు కొడతారు. వెనక వరుసలో ఎవరో నవ్వుతున్నారు, ఏ సినిమా గుర్తొచ్చిందో తర్వాత చెప్పండి. కేకో పిల్లలు అలా మాట్లాడరు. ఎక్కువ మాట్లాడరు కూడా. వాళ్ళు వృత్తి నటులు కారు. పిల్లలతో షూటింగ్ చేసినవాళ్ళకు తెలుసు, మొదటి టేకులో ఉన్నది నాలుగో టేకులో ఉండదు. పిల్లవాడికి విసుగు వస్తుంది, లేకపోతే పెద్దవాళ్ళు మెచ్చుకున్న ముఖం మళ్ళీ పెడతాడు. రెండోదే ఎక్కువ ప్రమాదం. అలాంటి చోట దర్శకుడికి ఎడిటర్ కన్ను ఉంటే ఎంత లాభమో ఆలోచించండి. షాట్ మొత్తం బాగుండనక్కరలేదు. అందులో రెండు సెకన్లు నిజంగా ఉంటే చాలు, మిగతాది బల్ల దగ్గర చూసుకోవచ్చు.

ఇప్పుడు ఈవేళ్టి సినిమా. ‘తొంకా, అతని స్నేహితులు’. 1977. కథ నాషో యోర్గాచి రాశారు. స్థలం బేరాత్. ఈ ఊరు కూడా కొండవాలే, కానీ జిరొకాస్తర్‌లా బూడిదరంగు రాయి కాదు, తెల్లని ఇళ్ళు. ఒకదాని మీద ఒకటి పేర్చినట్టు కిటికీలు, అందుకే దానికి వెయ్యి కిటికీల ఊరని పేరు. కాలం 1943. జర్మన్లు వస్తారు. వచ్చి ఎక్కడ మకాం వేస్తారు? పిల్లలు ఫుట్‌బాల్ ఆడుకునే మైదానంలో. అంతే, యుద్ధం మొదలైంది. ఫాసిజం అంటే ఏమిటో తొంకాకు తెలియదు. ఆట స్థలం పోయిందని మాత్రం తెలుసు.

ఇది ఎంత తెలివైన ఎత్తుగడో చూడండి. మాతృభూమి అనే పెద్ద మాటను ఆవిడ ఒక బంతి ఆడుకునే జాగాకు కుదించారు. దేశం పోయిందంటే పదేళ్ళ పిల్లవాడికి అర్థం కాదు. మైదానం పోయిందంటే రక్తం మరుగుతుంది. అక్కడి నుంచి పిల్లలు గూఢచర్యం మొదలుపెడతారు, పార్టిజాన్లకు, అంటే ఆక్రమణ మీద పోరాడే గెరిల్లాలకు, సమాచారం అందిస్తారు. వాళ్ళకు అదీ ఒక ఆటే, కాకపోతే ఈ ఆటలో ప్రాణాలు పోతాయి. ఇందాక తేదీలు గుర్తుపెట్టుకోమన్నాను. 1943లో జాన్‌ఫీసె వయసు పదిహేను. తొంకా వాళ్ళక్క వయసు అనుకోండి. ఈ సినిమాలో వీధి మలుపుల్లో పిల్లలు పరుగెత్తే తీరు, మెట్ల మీద నుంచి కిందికి తొంగి చూసే తీరు, కళ్ళతో చూసిన మనిషి తీసినవి.

ఇంకో సంగతి. 1977లో ఈ సినిమా చూసిన అల్బేనియా పిల్లల ఆట స్థలాలు ఎలా ఉన్నాయి? హోజా దేశమంతా కాంక్రీటు బంకర్లు కట్టిస్తున్నాడు. ఎవరో దండెత్తి వస్తారని. పొలాల్లో, సముద్రపు ఒడ్డున, వీధి చివర, పుట్టగొడుగుల్లా లేచాయి. మొత్తం లక్షన్నరకు పైనే అంటారు. దండెత్తి ఎవరూ రాలేదు. పరాయి సైన్యం మన మైదానం లాక్కుందని తెర మీద చూసి ఏడ్చిన పిల్లలు, బయటికి వచ్చి సొంత సైన్యం కట్టిన బంకరు పక్కన బంతి ఆడుకున్నారు. ఈ పోలిక ఆవిడ మనసులో ఉందా? నేను చెప్పలేను. సినిమాలో మాత్రం ఉంది. సినిమాకు తీసినవాళ్ళ కన్నా ఎక్కువ తెలుస్తుంది ఒక్కోసారి.

తర్వాతి సినిమాలు త్వరగా చెప్పేస్తాను. ‘అడుగుజాడల వెంట’ 1978లో. 1981లో ‘ఒక సినిమా తీస్తుండగా’, తల్లిదండ్రులు విడిపోయిన పిల్లవాడి కథ, షూటింగ్ నేపథ్యంలో నడుస్తుంది. విడాకుల మాట అంత సూటిగా పిల్లల సినిమాలో పెట్టడం అప్పటికి పెద్ద సాహసమే. 1984లో ‘తౌలంత్ చెల్లి కోసం వెతుకుతాడు’. ఆ తర్వాత ఆవిడ కథాచిత్రాల కాలం ముగిసినట్టే. 1985లో హోజా పోయాడు, 1991కి ఆ పాలన కూలిపోయింది.

పొగడ్త ఎక్కువైంది అనుకునేవారి కోసం రెండో వైపు కూడా చెప్పాలి. చెప్పకపోతే తప్పు. కేకో సినిమాల్లో శత్రువులు అట్టబొమ్మలు. పార్టిజాన్లకు ఒక్క మచ్చ ఉండదు. అది సరే, అంతకన్నా పెద్ద లోటు ఒకటి ఉంది. ‘గారాల మిమోజా’ వచ్చిన 1973లోనే, మే నెలలో, స్పాచ్ అనే గని జైల్లో రాజకీయ ఖైదీలు తిరగబడ్డారు. నలుగురిని కాల్చి చంపారు. అలాంటి ఖైదీలకు పిల్లలు ఉన్నారు. ‘ప్రజాశత్రువు’ల కుటుంబాలను మారుమూల ఊళ్ళకు తరిమేశారు. అక్కడ పెరిగిన పిల్లలకు చదువు లేదు, ఉద్యోగం లేదు. ఆ పిల్లలు కేకో సినిమాల్లో ఎక్కడ ఉన్నారు? లేరు. ఉండే వీలు లేదు, ఒప్పుకుంటాను. కానీ పిల్లల కళ్ళతో లోకాన్ని చూపించారు అని మనం అంటున్నప్పుడు, ఏ పిల్లలు అని అడగాలి కదా?

ఈ ప్రశ్న అల్బేనియాలోనే పెద్ద గొడవైంది. 2017లో కమ్యూనిస్టు నేరాలను అధ్యయనం చేసే ప్రభుత్వ సంస్థ ఒక ప్రతిపాదన తెచ్చింది, కినోస్టూడియో సినిమాలు టీవీలో చూపించడం ఆపాలని. జైళ్ళలో నలిగినవాళ్ళు అవునన్నారు. కానీ ఆ సినిమాల డైలాగులు నోటికి వచ్చిన తరం ఒకటి ఉంది. వాళ్ళ బాల్యం అదే. వాళ్ళు ఊరుకుంటారా? దేశమంతా వాదించుకుంది. నా అభిప్రాయం అడిగితే, చూపించాలి, చూపించాక మాట్లాడుకోవాలి. ఇక్కడ మనం చేస్తున్నది అదే. నలిగినవాళ్ళ కోపానికి మాత్రం నేను ఎదురు చెప్పలేను. ఆ హక్కు నాకు లేదు.

ఆ గొడవ ఒకవైపు సాగుతుంటే, ఫిల్ములు మరోవైపు కుళ్ళిపోతున్నాయి. పాత అసిటేట్ ఫిల్ముకు ఒక జబ్బు ఉంది. వేడి, తేమ తగిలితే ఘాటైన వెనిగర్ వాసన వేస్తుంది, ముడుచుకుపోతుంది, చివరికి విప్పడానికి రాదు. ఒక డబ్బాలో మొదలైతే పక్క డబ్బాకు అంటుకుంటుంది. టిరానా ఫిల్మ్ ఆర్కైవుకు ఈ బెడద పట్టింది. మన మొదటి టాకీ ప్రతి ఒక్కటి కూడా మిగలలేదని తెలిసినవాళ్ళకు ఆ బాధ వేరే చెప్పనక్కరలేదు. 2012లో అల్బేనియన్ సినిమా ప్రాజెక్టు అని మొదలై, అక్కడి ఆర్కైవుతో కలిసి కొన్ని సినిమాలను బాగుచేశారు. వాటిలో తొంకా ఒకటి. ఉత్తర ఐర్లండ్ విమర్శకుడు, దర్శకుడు మార్క్ కజిన్స్ 2013లో ఆ ఆర్కైవు గురించే ఒక సినిమా తీశారు. తర్వాత స్త్రీ దర్శకుల మీద తీసిన పద్నాలుగు గంటల పెద్ద చిత్రంలో కేకోకు చోటిచ్చారు. అలా బయటి లోకానికి ఆవిడ పేరు తెలిసింది. కానీ ఆవిడ 2007లోనే కన్నుమూశారు. ఇదంతా చూడలేదు.

నా సమయం అయిపోయిందని కార్యదర్శి గారు గడియారం చూపిస్తున్నారు. సినిమా ఇప్పుడే మొదలవుతుంది. మొదటి పది నిమిషాలు ఒక పని చేయండి. కథ పట్టించుకోకండి, కెమెరా ఎంత ఎత్తులో ఉందో చూడండి. పెద్దవాళ్ళు గదిలోకి వస్తే వాళ్ళ తల కనిపిస్తుందా, నడుము కనిపిస్తుందా? పక్కవాళ్ళతో పందెం వేసుకోండి కావాలంటే. ఉపశీర్షికలు చిన్న అక్షరాల్లో ఉన్నాయి, వెనక కూర్చున్నవారు ముందుకు వచ్చేయండి, రెండు వరుసలు ఖాళీగానే ఉన్నాయి. ప్రశ్నలు సినిమా అయ్యాక తీసుకుంటాను.